నడుస్తున్న బండిని ఎందుకు విప్పాలట?

"బండి బ్రహ్మాండంగా నడుస్తోంది కదరా, ఇప్పుడు దాన్ని విప్పడం దేనికి?" అని మొన్న మా పెదనాన్నగారబ్బాయి అడిగాడు. సరిగ్గా ఇదే మాట రెండేళ్ళ క్రితం మా నాన్న అన్నారు. ఆయన కంటే ముందు నేనే అన్నాను, నాలో నేను. ఈ ఒక్క ప్రశ్నకి నేను కట్టిన ఫీజు అక్షరాలా ఎనభై రెండు వేల నాలుగు వందల రూపాయలు. కాబట్టి దీని గురించి నాలుగు మాటలు గట్టిగా మాట్లాడే హక్కు నాకు వచ్చిందనే అనుకుంటున్నా.

విషయం టైమింగ్ బెల్ట్. పేరు విని "అబ్బా, మెకానిక్కు గోల" అని పక్కకి పోకండి. మనలో సగం మందికి ఈఎంఐ మీదో, సెకండ్ హ్యాండ్‌లోనో ఒక కారు ఉంది. ఆ కారు బానెట్ కింద, ప్లాస్టిక్ కవరు వెనకాల, కంటికి కనపడకుండా ఒక రబ్బరు పట్టీ ఉండే అవకాశం ఉంది. అది ఉందో లేదో కూడా మనకి తెలీదు. నా బాధంతా అదే.

ముందు కథ చెప్తా. 2024 జూన్. నాన్నకి హైదరాబాదులో శుక్లం ఆపరేషన్ చేయించి, వారం తర్వాత అమ్మా నాన్నల్ని విజయవాడ దింపడానికి బయల్దేరాను. బస్సులో పంపిద్దామంటే కంటికి దుమ్ము తగులుతుందని నేనే వద్దన్నాను (నా తెలివి!). రాత్రి తొమ్మిదిన్నరకి సూర్యాపేట దాటాం. కుడి లైన్లో తొంభై మీద వెళ్తున్నా. టప్ మని చిన్న చప్పుడు.. టైరు కింద ప్లాస్టిక్ సీసా నలిగినట్టు. అంతే, ఇంజన్ లేదు. పొగ లేదు, వణుకు లేదు, ముందు ఏ దీపమూ వెలగలేదు. ఉన్నట్టుండి స్టీరింగ్ బండరాయి అయిపోయింది. బ్రేకు ఒకసారి పట్టింది, రెండోసారి సగం పట్టింది, మూడోసారి కాలితో గోడని తన్నినట్టుంది. వెనక లారీవాడు హారన్ మీద చెయ్యి తియ్యకుండా వస్తున్నాడు. ఎలా ఎడమకి తెచ్చానో నాకిప్పటికీ గుర్తు లేదు. లారీ మమ్మల్ని దాటిపోయిన గాలికి కారు ఊగడం మాత్రం గుర్తుంది. నాన్న నల్లకళ్ళద్దాలు పెట్టుకుని వెనక సీట్లో కూర్చుని "ఏవైందిరా, పంక్చరా?" అన్నారు.

బ్రేకు అలా ఎందుకైందో తర్వాత తెలిసింది. నా డీజిల్ ఇంజన్లో బ్రేకుకి సాయం చేసే వాక్యూం పంపు కామ్‌షాఫ్ట్ చివర ఉంటుంది. బెల్టు తెగితే కామ్‌షాఫ్ట్ ఆగుతుంది, అది ఆగితే పంపూ ఆగుతుంది. అప్పటిదాకా మిగిలిన వాక్యూంతో ఒకటి రెండు సార్లు బ్రేకు పడుతుంది, ఆ తర్వాత మీ కాలి బలమే. అంటే ఇది డబ్బుల గొడవ ఒక్కటే కాదు.

ఇంకో ఘనకార్యం కూడా చేశాను. రోడ్డు పక్కన ఆపాక తాళం తిప్పి మూడుసార్లు స్టార్ట్ చెయ్యబోయాను. సెల్ఫ్ మామూలుగా "గుర్ గుర్" అని బరువుగా తిరిగేది, గిర్రుమని ఖాళీగా తిరిగింది. ఆ శబ్దం విన్న క్షణాన చెయ్యి తీసెయ్యాలి. సిలిండర్లో ఒత్తిడి లేదని అర్థం, అంటే వాల్వులు తెరుచుకుని ఉండిపోయాయని. ప్రతిసారీ తిప్పి ఉన్న డ్యామేజీని పెంచుతున్నానన్నమాట. ఇంకో సిగ్గుమాలిన విషయం, నేను చదివింది మెకానికల్ బీటెక్. వాల్వ్ టైమింగ్ డయాగ్రం గీసి పది మార్కులు తెచ్చుకున్నవాణ్ణి. ఎగ్జాస్ట్ వాల్వు ఎన్ని డిగ్రీలకి ముందు తెరుచుకుంటుందో అప్పట్లో నిద్రలో లేపి అడిగినా చెప్పేవాణ్ణి. ఆ డయాగ్రాన్ని నా సొంత కారులో నిలబెడుతున్నది ఒక రబ్బరు పట్టీ అని, దానికి వయసు మీద పడిందని మాత్రం తెలీదు.

తెలియనివాళ్ళ కోసం (కంప్యూటర్ సైన్సు మిత్రులారా, మీరే) క్లుప్తంగా చెప్తా. పిస్టన్లని కిందికీ పైకీ ఆడించేది క్రాంక్‌షాఫ్ట్. వాల్వుల్ని తెరిచేది కామ్‌షాఫ్ట్. క్రాంక్ రెండు చుట్లు తిరిగితే కామ్ సరిగ్గా ఒక్క చుట్టు తిరగాలి. సుమారుగా తిరిగితే కుదరదు. ఈ రెంటినీ కట్టిపెట్టేదే టైమింగ్ బెల్ట్. లోపలి వైపు పళ్ళుంటాయి, రబ్బరు మధ్యలో గాజు పోగుల తీగలుంటాయి. కొన్ని ఇంజన్లలో దీని బదులు ఇనుప చైన్ ఉంటుంది.

ఇప్పుడు అమీర్‌పేట్ హాస్టల్ గుర్తు తెచ్చుకోండి. ఒకే మంచం, ఇద్దరు అద్దెకుంటారు. ఒకడు డే షిఫ్టు, ఒకడు నైట్ షిఫ్టు. ఒకడు లేచి వెళ్ళాకే రెండోవాడు వచ్చి పడుకుంటాడు. ఇద్దరూ మొహాలు చూసుకోకుండా ఏళ్ళ తరబడి హాయిగా బతికేస్తారు. చాలా ఇంజన్లలో పిస్టన్, వాల్వు కాపురం ఇదే. సిలిండర్ పైభాగంలో ఉన్న అదే జాగాలోకి వాల్వు దిగుతుంది, అది వెనక్కి వెళ్ళాక పిస్టన్ వస్తుంది. డీజిల్ ఇంజన్లలో కంప్రెషన్ ఎక్కువ కాబట్టి ఆ జాగా మరీ ఇరుకు. 2000 ఆర్పీఎం దగ్గర ప్రతి వాల్వూ సెకనుకి పదహారు పదిహేడు సార్లు తెరుచుకుని మూసుకుంటుంది. ఇంత వేగంలో షిఫ్టులు తప్పకుండా చూసే సూపర్‌వైజరు ఆ పట్టీ. అది తెగిన మరుక్షణం కొన్ని వాల్వులు తెరుచుకున్నవి తెరుచుకున్నట్టే ఆగిపోతాయి. బండి వేగానికి పిస్టన్లు మాత్రం ఆగవు, వచ్చి గుద్దుతాయి. నా ఇంజన్లో ఎనిమిది వాల్వులుంటే ఆరు వంగిపోయాయి.

బెల్టు వాడటం తప్పని నేను అనట్లేదు. అదేం కొత్త కుట్ర కాదు, 1960ల మొదట్లోనే జర్మనీలో గ్లాస్ అనే చిన్న కంపెనీ తన 1004 కారులో పెట్టింది. బెల్టు చవక, చప్పుడు తక్కువ, చైన్‌లా దానికి నూనె అక్కర్లేదు. మన దగ్గర పాత సాంత్రో, ఆల్టో 800, డస్టర్ డీజిల్, పోలో డీజిల్, ఎకోస్పోర్ట్ డీజిల్, అన్నీ బెల్టు ఇంజన్లే. స్విఫ్ట్ డీజిల్‌కి, మారుతీ కే సిరీస్ పెట్రోలు ఇంజన్లకి చైన్. చైన్ కూడా సాగుతుంది, కానీ సాధారణంగా సాగే ముందు గలగలమని గోల చేసి చెప్తుంది. బెల్టు మాత్రం చాలాసార్లు చెప్పదు, చివరి నిమిషం దాకా నూటికి నూరు శాతం పనిచేసి తర్వాత సున్నా. మన భాషలో చెప్పాలంటే ఎస్ఎస్ఎల్ సర్టిఫికెట్ లాంటిది. రాత్రి 11:59:59 దాకా సైటు పచ్చగా ఉంటుంది, తర్వాతి సెకనుకి ఫోన్లు మొదలు. "నిన్నటిదాకా బాగానే ఉంది కదా" అని ఏ మేనేజరైనా అంటే మనం ఎలా నవ్వుకుంటామో, "బండి బాగానే నడుస్తోంది కదా" అన్నప్పుడు కూడా అలాగే నవ్వాలి.

సరే, తప్పెవరిది? ఇక్కడే నాకు మండుతుంది.

బండిని లాక్కుంటూ విజయవాడ ఆటోనగర్ తీసుకెళ్ళాం. అక్కడ మేస్త్రీగారు కవరు విప్పి ఆ పట్టీ నా చేతిలో పెట్టారు. ఒక జానెడు మేర పళ్ళు లేవు, దువ్వెన విరిగినట్టుంది. అంచున పోగులు లేచిపోయాయి. గోరుతో గీరితే రబ్బరు పొడిపొడిగా రాలింది. "ఎప్పుడేయించారు బాబూ ఇది?" అన్నారు. నేను ఓనర్స్ మాన్యువల్ తెరిచి, "లక్ష కిలోమీటర్లకి మార్చాలని ఉంది మేస్త్రీగారూ, నాది ఎనభై మూడు వేలే" అని గొప్పగా చూపించాను. ఆయనకి ఇంగ్లీషు రాదు, కానీ ఆ పేజీలో అంకెలు ఆయనకి కంఠతా. "దాని పక్కన ఐదేళ్ళని కూడా ఉంటది, చూడండి" అన్నారు.

ఉంది. లక్ష కిలోమీటర్లు లేదా ఐదేళ్ళు, ఏది ముందైతే అది.

నా బండి 2015 మోడలు. నేను 2022లో అరవై ఒక్క వేల కిలోమీటర్ల దగ్గర సెకండ్ హ్యాండ్‌లో కొన్నాను. అంటే కొన్న రోజుకే ఆ బెల్టు గడువు దాటి రెండేళ్ళు. తెగిన రోజుకి తొమ్మిదేళ్ళు.

"ఏది ముందైతే అది". ఈ మూడు ముక్కల్ని ఎంతమంది మింగేశారో చూడండి.

మొదట సర్వీసు సెంటరువాళ్ళు. ఏ కంపెనీ, ఏ షోరూం అనేది అనవసరం, మీ దగ్గరదీ అలాగే ఉంటుంది. ఇంటికొచ్చాక పాత బిల్లులన్నీ తీశాను. నేను కట్టిన రెండేళ్ళలో ఏసీ గొట్టాలకి క్రిమిసంహారం, అండర్‌బాడీ కోటింగు, టెఫ్లాన్ పూత, ఇంజన్ ఫ్లషింగు.. అన్నీ కలిపి పదిహేడు వేల చిల్లర. వీటిలో ఒక్కటి కూడా మాన్యువల్లో లేదు. నిజంగా మాన్యువల్లో ఉన్న ఒకే ఒక్క ప్రాణాధారమైన పని గురించి మాత్రం ఎవడూ నోరు విప్పలేదు. పైగా చెక్‌లిస్టులో "టైమింగ్ బెల్ట్" అని ఒక గడి ఉంది, దానికి ప్రతిసారీ టిక్కు! కవరు విప్పకుండా లోపలున్న బెల్టు ఎలా చూశారో ఆ మహానుభావులకే తెలియాలి. విప్పి చూసినా పెద్ద లాభం లేదు, లోపల తీగలు అలిసిపోయినా పైకి నల్లగా నిగనిగలాడే బెల్టులుంటాయి.

ఫోను చేసి అడిగాను. సర్వీసు మేనేజరు చాలా మర్యాదస్తుడు. "సార్, మీది లక్ష అవ్వలేదు కదా సార్, అందుకే సిస్టంలో చూపించలేదు" అన్నాడు.
"ఐదేళ్ళు దాటాయి కదండీ?"
"సిస్టం కిలోమీటర్లే చూస్తుంది సార్."

ఫోను పెట్టేశాక చాలాసేపు ఆ మాట దగ్గరే ఆగిపోయాను. సిస్టం కిలోమీటర్లే చూస్తుందట! ఆ సిస్టం ఆకాశంలోంచి ఊడిపడలేదు కదా. ఎవడో ఒకడు ఏసీ గదిలో కూర్చుని రాశాడు. వాడికిచ్చిన డాక్యుమెంటులో "కిలోమీటర్లు లేదా నెలలు, ఏది ముందైతే అది" అని ఉండే ఉంటుంది. వాడు మొదటి షరతు రాశాడు. రెండోదానికి బండి అమ్మిన తేదీ కావాలి, అది ఇంకో టేబుల్లో ఉంది, ఆ టేబులు ఇంకో టీముది, వాళ్ళకి మెయిల్ పెట్టాలి.. "తర్వాతి రిలీజులో చూద్దాంలే" అనుకుని ఉంటాడు. టెస్టరు లక్షా ఒక్క కిలోమీటరు ఇచ్చి చూశాడు, అలర్టు వచ్చింది, పాస్. ఇది నా ఊహే, ఒప్పుకుంటా. కానీ గుండె మీద చెయ్యేసుకుని చెప్పండి, అచ్చం ఇలాగే జరిగి ఉంటుందని మీకూ అనిపించట్లేదా? నాకు ఎందుకు అనిపించిందంటే నా ప్రాజెక్టులో నేనే ఇలాంటివి రెండు ప్రయారిటీ ఫోర్ కింద పడేసి ఉన్నాను. ఆ మర్నాడు ఆఫీసుకెళ్ళి వాటిని తీసి చూశాను. ఒకటి ఇరవై నిమిషాల పని.

ఇది చెయ్యలేని పని కూడా కాదు. పాత ఇన్నోవా, అంటే 2005 నుంచి 2016 దాకా వచ్చిన 2.5 డీజిల్, అందులో డ్యాష్‌బోర్డు మీద టీ-బెల్ట్ అని ఒక దీపం ఉండేది. అది బెల్టుని చూసి వెలిగేది కాదు, కిలోమీటర్లు లెక్కపెట్టి వెలిగేది. అయినా చాలు, ట్రావెల్స్ డ్రైవర్లు ఆ దీపం చూసి బండి షెడ్డుకి తీసుకెళ్ళేవాళ్ళు. అమెరికాలో మనవాళ్ళు పిల్లలు పుట్టగానే కొనే హోండా ఆడిసీ వ్యాన్‌లో మెయింటెనెన్స్ మైండర్ అని ఒకటుంటుంది. అందులో "4" అనే అంకె కనిపిస్తే స్పార్క్ ప్లగ్గులతో పాటు టైమింగ్ బెల్టు కూడా మార్చమని. ఇరవయ్యేళ్ళ క్రితం చెయ్యగలిగిన పని ఇవాళ చెయ్యలేరా? పది అంగుళాల టచ్ స్క్రీను మీద పాటల ఆల్బం బొమ్మ వస్తుంది, నా పుట్టినరోజుకి "హ్యాపీ బర్త్‌డే" అని మెసేజి పంపుతారు, నా పుట్టినరోజు తెలిసినవాళ్ళకి నా బెల్టు పుట్టినరోజు తెలీదా?

రెండోది, సెకండ్ హ్యాండ్ కార్లు అమ్మే కొత్తతరం కంపెనీలు. రెండొందల పాయింట్ల తనిఖీ అంటారు. పరీక్ష చేసేవాడు ఒక మీటరు పట్టుకుని డోరు డోరుకీ రంగు మందం కొలుస్తాడు, సీటు మీద సూదిమొనంత మరకని కూడా ఫోటో తీసి పెడతాడు. నా బండి రిపోర్టులో కూడా టైమింగ్ బెల్టు ఉంది: "శబ్దం లేదు, బాగుంది". శబ్దం లేదట! చచ్చిపోయే బెల్టు చప్పుడు చెయ్యదని పైన చెప్పుకున్నాం కదా. ఆ గడిలో ఉండాల్సింది ఒక తేదీ, ఒక ఓడోమీటరు అంకె, ఒక బిల్లు. ఆ మూడూ లేకపోతే "తెలియదు, మార్చుకోవాలి" అని రాసి, ధరలో పదివేలు తగ్గించాలి. అలా తగ్గించాల్సి వస్తుందనే ఎవడూ రాయడు.

మూడోది మనం. ముఖ్యంగా మనం. ఫోను కొనడానికి పదిహేను రివ్యూలు చూస్తాం. కారు మాన్యువలు మాత్రం డ్యాష్‌బోర్డు అరలో సీలు కూడా విప్పకుండా పదేళ్ళు నిద్రపోతుంది. క్లయింటుకి మాత్రం "డాక్యుమెంటేషన్ చదవండి సార్" అని చెప్తాం. ఒకప్పుడు మనల్ని రాత్రీ పగలూ ఆఫీసులకి తిప్పిన ఇండికా డ్రైవర్లకి బెల్టు సంగతి నోటికి వచ్చేది. వాళ్ళు బెల్టు మార్చే కిలోమీటరు దగ్గర పడితే దూరం ట్రిప్పు ఒప్పుకునేవాళ్ళు కాదు. ఆ కారు వాళ్ళ తిండి మరి.

కిలోమీటర్ల లెక్క మన హైదరాబాదు, బెంగళూరు ఉద్యోగులకి అసలే పనికిరాదు. బయోడైవర్సిటీ జంక్షన్ దగ్గర బండి ఆగి ఉన్నా ఇంజన్ నిమిషానికి 800 చుట్లు తిరుగుతూనే ఉంటుంది. గంటకి 48 వేలు. రోజుకి గంట సేపు అలా నిలబడితే, ఏడాదికి 240 పనిదినాలు వేసుకున్నా కోటీ పదిహేను లక్షల చుట్లు, ఓడోమీటరులో ఒక్క కిలోమీటరు కదలకుండా. దానికి తోడు బానెట్ కింద మే నెల వేడి, ఎక్కడో చిన్న ఆయిల్ లీకు. రబ్బరుకి నూనె విషం. పోనీ బండి బయటికి తియ్యకుండా అపార్టుమెంటు సెల్లార్లో కవరు కప్పి ఉంచితే? రబ్బరు కూర్చున్నచోటే ముసలిదవుతుంది. "మాది తక్కువ తిరిగిన బండండీ, పదేళ్ళలో ముప్ఫై వేలే" అని మురిసిపోయేవాళ్ళు అందుకే ముందు భయపడాలి.

ఇక నాన్న వాదన. "నడిచే బండిని విప్పకూడదురా, విప్పితే ఇంకోటి పాడుచేస్తారు." ఆయన్ని నేను తప్పుపట్టను. ఆయన ముప్ఫయ్యేళ్ళు నడిపింది హీరో హోండా, అంతకుముందు వాళ్ళ ఆఫీసు అంబాసిడర్. రెంటిలోనూ చైనే. ఆ బళ్ళు పాడయ్యే ముందు వారం రోజులు మూలిగేవి, మెకానిక్ దగ్గరికి వెళ్ళే టైమిచ్చేవి. ఆయన అనుభవం ఆయన బళ్ళకి నూటికి నూరుపాళ్ళు నిజం. మనం ఆ అనుభవాన్ని కాపీ పేస్టు చేసి వేరే ఇంజన్ మీద వాడుతున్నాం, అదీ తప్పు.

ఆయన మాటలో రెండో సగం మాత్రం ఇప్పటికీ నిజమే. చెడ్డగా బిగించిన కొత్త బెల్టు పాత బెల్టుకంటే ప్రమాదం. ఒక్క పన్ను అటూ ఇటూ అయితే ఇంజన్ సరిగ్గా నడవదు, ఇంకాస్త తప్పితే వాల్వులకే ఎసరు. ఆటోనగర్‌లో నేను రెండు రోజులు స్టూలేసుకుని కూర్చుని చూశాను కాబట్టి చెప్తున్నా. మేస్త్రీగారు క్రాంకుకీ కామ్‌కీ లాకింగ్ పిన్నులు పెట్టి కదలకుండా చేశారు. వైట్‌నర్‌తో గీతలు గీసి అందాజుగా బిగించేవాళ్ళు కూడా ఉన్నారట, ఆ మాటొస్తే ఆయనకి కోపం. కొత్త బెల్టుని మడత పెట్టనివ్వలేదు, మెలిపెడితే లోపలి గాజు పోగులు విరుగుతాయట. క్రాంకు బోల్టు పాతది పక్కన పడేసి కొత్తది వేశారు, ఒకసారి సాగదీసి బిగించిన బోల్టు రెండోసారి పట్టు ఇవ్వదని. అంతా అయ్యాక స్టార్టు చెయ్యలేదు. పానా వేసి చేత్తో ఇంజన్ని రెండు పూర్తి చుట్లు మెల్లగా తిప్పి, పిన్నులు మళ్ళీ అదే చోట దూరుతున్నాయా అని చూశారు. "ఎక్కడన్నా తగిలితే ఇక్కడే చేతికి తెలుస్తది బాబూ, సెల్ఫ్ కొడితే తెలీదు" అన్నారు. ఇంత చక్కటి టెస్టింగు నేను మా టీములో చూడలేదు, ఒట్టు.

కాబట్టి బెల్టు మార్పించేటప్పుడు దాని ఒక్కదాన్నే మార్చమనకండి. దాన్ని బిగువుగా ఉంచే టెన్షనరు, దారి చూపే ఐడ్లరు కూడా అంతే వయసువి. వాటి బేరింగు పట్టేస్తే కొత్త బెల్టు కూడా తెగుతుంది. వాటర్ పంపుని ఇదే బెల్టు తిప్పే ఇంజనైతే అదీ ఇప్పుడే. దానికోసం మళ్ళీ ఇదంతా విప్పాలి, కూలీ రెండుసార్లు దండగ. కిట్టుగా అమ్ముతారు. నకిలీలు కూడా అవే డబ్బాల్లో అమ్ముతారు, కాబట్టి బిల్లు ఇచ్చే చోట కొనండి. పాత సామాను అడిగి ఇంటికి తెచ్చుకోండి. సిగ్గుపడకండి, మీ డబ్బులతో కొన్నదే అది. నా ఇంజన్‌కి కిట్టు, కూలీ కలిపి ముందే చేయించుకుని ఉంటే పదకొండు వేలయ్యేదని ఆయనే లెక్క చెప్పారు. ఎనభై రెండు వేల నాలుగు వందల్లోంచి పదకొండు తీసేస్తే మిగిలేది నా అజ్ఞానం ఖరీదు, జీఎస్టీతో సహా.

"ఇదంతా సర్వీసు సెంటర్లవాళ్ళు భయపెట్టి దోచుకునే ప్లాను" అనే మిత్రులు కూడా ఉన్నారు. వాళ్ళ అనుమానం అర్థం చేసుకోగలను. అక్కర్లేనివన్నీ అమ్మి అమ్మి, వాళ్ళే మన నమ్మకాన్ని చంపేశారు. టెఫ్లాన్ పూత అమ్మేవాడే రేపు బెల్టు మార్చమంటే మనం నవ్వి "వద్దు" అంటాం. వాళ్ళు చేసిన అసలు నష్టం నా పదిహేడు వేలు కాదు, ఇదీ. కానీ వాడి మాట నమ్మక్కర్లేదు. మాన్యువలు తెరవండి, మెయింటెనెన్స్ షెడ్యూలు పేజీ చూడండి. ఇంజన్ని బట్టి అరవై వేల నుంచి లక్షా అరవై వేల దాకా ఎంతైనా ఉండొచ్చు, ఏళ్ళు కూడా వేరు వేరు. పక్కింటివాడి అంకె మీకు పనికిరాదు.

ఇంతకీ మా పెదనాన్నగారబ్బాయి సంగతి. వాడు చూస్తున్నది 2018 మోడలు డీజిల్, నలభై రెండు వేల కిలోమీటర్లు. రంగు మెరుస్తోంది, రిపోర్టులో అన్నీ పచ్చ టిక్కులే. "బెల్టు ఎప్పుడు మార్చారో బిల్లుతో సహా అడగరా" అన్నాను. అమ్మేవాడు "లక్షకి కదా సార్ మార్చేది" అని జవాబు పెట్టాడట. వాడు అది నాకు ఫార్వార్డు చేసి "చూశావా" అని ఒక నవ్వు బొమ్మ కూడా తగిలించాడు.

నేను నా బండి బానెట్ లోపల అంటించిన కాగితం ఫోటో తీసి పంపాను: "బెల్టు 2024 జూన్, 83,140 కి.మీ. మళ్ళీ 2029 జూన్ లేదా 1,83,140". ఇంకా చూడలేదు, ఒక్క టిక్కే ఉంది.